కాంకున్ ఓటు బరువు: మెక్సికోలో ఒక నియోజకవర్గం సరిహద్దుల కథ

అందరికీ నమస్కారం. డీలిమిటేషన్ మీద మన దగ్గర ఇంత చర్చ నడుస్తున్న రోజుల్లో ఎక్కడో మెక్సికో గురించి ప్రసంగం ఏమిటని మీలో కొందరికి అనిపించవచ్చు. ఆ చర్చ వల్లే ఈ అంశం ఎంచుకున్నాను. అయితే మన సంగతి చివర్లో కాసేపే మాట్లాడతాను. మెక్సికో కథను మెక్సికో కథగానే విందాం.

నేను చెప్పబోయేది కింతానా రో అనే రాష్ట్రంలోని మూడో నంబరు నియోజకవర్గం గురించి. మెక్సికోలో పార్లమెంటు దిగువ సభ నియోజకవర్గాలకు మనలాగా ఊరి పేర్లు ఉండవు. రాష్ట్రం పేరు, పక్కన ఒక నంబరు, అంతే. అధికారిక కార్యాలయం ఉండే ఊరిని కేంద్ర పట్టణంగా ప్రకటిస్తారు. ఈ మూడో నంబరుకు కేంద్రం కాంకున్. ఈ ఊరి పేరు మీరు వినే ఉంటారు. 2003లో ప్రపంచ వాణిజ్య సంస్థ మంత్రుల సదస్సు రైతుల ఆందోళనల మధ్య విఫలమైంది ఇక్కడే. 2010లో వాతావరణ మార్పులపై ఐక్యరాజ్యసమితి సదస్సు జరిగిందీ ఇక్కడే. అప్పట్లో మన పత్రికలు కాంకున్ గురించి చాలా రాశాయి. అక్కడి హోటళ్లలో పక్కలు సర్దేవాళ్లు, వంట చేసేవాళ్లు, ఇళ్లు కట్టేవాళ్లు ఎక్కడ ఓటేస్తారో, ఆ ఓటుకు ఎంత బరువుందో మాత్రం ఎవరూ రాయలేదు. ఇవాళ ఆ సంగతి చూద్దాం.

ముందు రాష్ట్రం గురించి. యుకతాన్ ద్వీపకల్పానికి తూర్పు అంచున, కరీబియన్ సముద్రం ఒడ్డున ఉంటుంది కింతానా రో. 1847లో మొదలైన మాయా ఆదివాసీల తిరుగుబాటు ఈ అడవుల్లోనే అర శతాబ్దం పైగా నిలిచింది. వాళ్ల రాజధాని చాన్ శాంతా క్రూస్‌ను 1901లో జనరల్ ఇగ్నాసియో బ్రావో సైన్యం ఆక్రమించింది. మరుసటి ఏడాది, 1902లో, అధ్యక్షుడు పోర్ఫిరియో దియాస్ ఆ ప్రాంతాన్ని యుకతాన్ నుంచి విడదీసి, నేరుగా కేంద్రం పాలించే భూభాగంగా మార్చాడు. ఆ తర్వాత కూడా దాని గీతలు నిలకడగా లేవు. 1931లో కేంద్రం ఆ భూభాగాన్నే రద్దు చేసి పక్క రాష్ట్రాలకు పంచేసింది. 1935లో అధ్యక్షుడు లాసరో కార్దెనాస్ మళ్లీ నిలబెట్టాడు. అంటే నియోజకవర్గాల మాట అటుంచి, రాష్ట్రం సరిహద్దే పాలకులు గీస్తే ఏర్పడింది, చెరిపేస్తే పోయింది, మళ్లీ గీస్తే వచ్చింది. నాటి చాన్ శాంతా క్రూస్ పేరు ఇప్పుడు ఫెలిపే కరియో ప్యూర్తో. ఈ ఊరిని గుర్తు పెట్టుకోండి, దీనితో మళ్లీ పని ఉంది.

కేంద్రపాలిత భూభాగం పూర్తి రాష్ట్రం కావాలంటే కనీసం 80 వేల మంది జనాభా ఉండాలని అప్పటి రాజ్యాంగంలో ఒక షరతు ఉండేది. 1970 జనాభా లెక్కల్లో కింతానా రోలో తేలినవాళ్లు 88,150 మంది. గీత దాటింది, కానీ కొద్దిగానే. 1974 అక్టోబరు 8న రాష్ట్రమైంది. సరిగ్గా ఆ రోజుల్లోనే ఉత్తరాన, కొబ్బరితోట కాపలాదారులు తప్ప పెద్దగా జనం లేని ఒక ఇసుక దిబ్బ మీద కేంద్ర ప్రభుత్వం ఒక పర్యాటక నగరాన్ని కడుతోంది. పని 1970లో మొదలైంది. విదేశీ మారకం కావాలి, దానికి సముద్రతీరంలో హోటళ్లు కావాలి అన్నది మెక్సికో కేంద్ర బ్యాంకు అధికారుల ఆలోచన. అదే కాంకున్.

ఇక్కడి నుంచి అంకెలు చెప్పక తప్పదు, కాస్త ఓపిక పట్టండి. ఈ కథ అంతా అంకెల్లోనే ఉంది. రాష్ట్ర జనాభా 1970లో 88 వేలు అన్నాను కదా. 1980లో 2,25,985. 1990లో 4,93,277. 2000లో 8,74,963. 2010లో 13,25,578. 2020లో 18,57,985. యాభై ఏళ్లలో ఇరవై రెట్లు. ఇది పిల్లలు పుట్టడం వల్ల వచ్చిన పెరుగుదల కాదని వేరే చెప్పక్కర్లేదు. యుకతాన్, తబాస్కో, చియాపస్, వెరాక్రూస్ రాష్ట్రాల నుంచి పని కోసం జనం బస్సుల్లో వచ్చి దిగారు. కాంకున్ ఉన్న మున్సిపాలిటీ పేరు బెనితో హువారెస్. మున్సిపాలిటీ అంటే అక్కడ పట్టణంతో పాటు చుట్టుపక్కల పల్లెలు కూడా కలిసిన పాలనా విభాగం. దాని జనాభా 1990లో 1,76,765 ఉంటే, 2020లో 9,11,503 అయింది.

ఇప్పుడు దిగువ సభ ఎలా ఉంటుందో చూద్దాం. 1976 అధ్యక్ష ఎన్నికల్లో బ్యాలెట్ మీద ఉన్నది ఒకే ఒక్క అభ్యర్థి, హోసే లోపెస్ పోర్తియో. పోటీయే లేని ఎన్నికతో ప్రభుత్వానికే ఇబ్బంది అనిపించింది. 1977లో పెద్ద సంస్కరణ తెచ్చారు. దిగువ సభకు 300 నియోజకవర్గాలు, వాటితో పాటు పార్టీలకు వచ్చిన ఓట్ల దామాషాలో పంచే 100 సీట్లు అన్నారు. 1986లో ఆ దామాషా సీట్లను 200 చేశారు. అప్పటి నుంచి సభ 500 మంది. నియోజకవర్గాలు మాత్రం 1979 ఎన్నిక నుంచి ఇప్పటిదాకా 300 దగ్గరే ఉన్నాయి.

ఆ 300ను పంచే సూత్రం రాజ్యాంగం 53వ అధికరణలో ఉంది. దేశ జనాభాను 300తో భాగించాలి. వచ్చిన సగటును బట్టి, చివరి జనాభా లెక్కల ఆధారంగా రాష్ట్రాలకు సీట్లు ఇవ్వాలి. ఎంత చిన్న రాష్ట్రానికైనా రెండు సీట్లకు తక్కువ ఇవ్వకూడదు. సూత్రం ఇంతే. చదివితే ఎవరికైనా న్యాయంగానే అనిపిస్తుంది. నాకూ అలాగే అనిపిస్తుంది. చిక్కంతా ఆ "చివరి జనాభా లెక్కలు" అన్న మాట ఎన్నేళ్లకోసారి అమల్లోకి వస్తుందన్న దగ్గరే.

1979 పటం 1970 లెక్కల మీద గీశారు. దేశ సగటు అప్పుడు నియోజకవర్గానికి 1,60,751 మంది. కింతానా రో మొత్తం జనాభా అందులో సగం కంటే కాస్త ఎక్కువ, అంతే. కనీసం రెండు అన్న నియమం వల్ల దానికి రెండు సీట్లు వచ్చాయి. లెక్క ప్రకారం సీటుకు 44 వేల మంది. మిగతా దేశంలో నలుగురు ఓటర్లు కలిసి వేసే బరువు ఇక్కడ ఒక్క ఓటరుకు దాదాపుగా ఉంది. కొత్త రాష్ట్రం, వెనుకబడిన ప్రాంతం, అలా ఇవ్వడం సబబే అనుకుందాం. ఆ పటాన్ని గీసింది ఎవరో కూడా చెప్పాలి. అప్పటి ఎన్నికల కమిషన్‌కు అధ్యక్షుడు హోం మంత్రి లాంటి పదవిలో ఉన్న మంత్రే. పోటీలో ఉన్న ప్రభుత్వమే గీతలు గీసేది.

ఆ పటం 1996 దాకా నడిచింది. పదిహేడేళ్లు. మధ్యలో 1980 లెక్కలు వచ్చాయి, 1990 లెక్కలూ వచ్చాయి, గీతలు కదల్లేదు. 1988 ఎన్నికల రాత్రి కంప్యూటర్లు ఆగిపోవడం, ఫలితాల మీద దేశమంతా అనుమానపడటం చాలామందికి తెలిసిన చరిత్ర. ఆ అవిశ్వాసం నుంచే 1990లో సమాఖ్య ఎన్నికల సంస్థ పుట్టింది. 1996లో దాన్ని పూర్తిగా ప్రభుత్వం చేతుల్లోంచి తప్పించారు. అదే ఏడాది, 1990 లెక్కల మీద కొత్త పటం వచ్చింది. ఆ పటంతో జరిగిన 1997 ఎన్నికల్లో, దశాబ్దాలుగా పాలిస్తున్న పీఆర్‌ఐ పార్టీ దిగువ సభలో తొలిసారి మెజారిటీ పోగొట్టుకుంది.

కింతానా రో సంగతికి వద్దాం. 1990 లెక్కల ప్రకారం దేశ సగటు 2,70,832. ఈ రాష్ట్రానికి న్యాయంగా వచ్చే వాటా 1.82, అంటే రెండు. రెండే ఉన్నాయి. చరిత్రలో మొదటిసారి దాని జనానికీ సీట్లకూ లెక్క కుదిరింది. కాగితం మీద కుదిరింది అనాలి. పటం అమల్లోకి వచ్చేసరికే ఆ లెక్కలకు ఏడేళ్ల వయసు. ఆ ఏడేళ్లలో కాంకున్ ఆగలేదు కదా! ఆ పటంతో జరిగిన చివరి ఎన్నిక 2003లో. అప్పటికి, 2000 లెక్కలే తీసుకున్నా, రాష్ట్రంలో సీటుకు 4,37,000 మంది, దేశ సగటేమో 3,25,000. తొలుత మితిమీరిన బరువున్న ఓటు, ఇరవై అయిదేళ్లు తిరిగేలోగా బాగా తేలికైపోయింది. ఎవరూ కుట్ర చేయలేదు. ఎవరూ వంకర గీత గీయలేదు. గీతను గీసి వదిలేశారు, అంతే.

మూడో నియోజకవర్గం పుట్టింది ఈ దశలోనే. 2000 లెక్కల ఆధారంగా 2005లో తయారైన పటంలో కింతానా రోకు మూడో సీటు వచ్చింది. 2006 జులై 2 ఎన్నికతో అది అమల్లోకి వచ్చింది. ఒకటో నంబరుకు కేంద్రం ప్లాయా దెల్ కార్మెన్, రెండో దానికి దక్షిణాన ఉన్న రాజధాని చెతుమాల్, మూడో దానికి కాంకున్. వినడానికి చక్కగా సర్దినట్టే ఉంది. కానీ ఒక్కసారి లెక్క చూడండి. 2000లో బెనితో హువారెస్ జనాభా 4,19,815. సగటు 3,24,945. పదిహేను శాతం అటూ ఇటూ తేడాను నియమాలు ఒప్పుకుంటాయి. ఆ పై హద్దు కూడా 3,74,000 దాటదు. అంటే కాంకున్ ఒక నియోజకవర్గంలో పట్టదు, రెంటికి సరిపోదు. ఊరిని కొయ్యక తప్పదు. ఎక్కువ భాగం మూడో నంబరులోకి, మిగిలిన ముక్క ప్లాయా దెల్ కార్మెన్ కేంద్రంగా ఉన్న ఒకటో నంబరులోకి వెళ్లాయి.

ఎక్కడ కోశారన్నది అక్కడి మనిషికి ఏమిటో అర్థం కావాలంటే కాంకున్ ఎలా ఉంటుందో చెప్పాలి. మనం ఫొటోల్లో చూసే హోటళ్ల వరస ఏడు అంకె ఆకారంలో సముద్రంలోకి చొచ్చుకొచ్చిన సన్నటి ఇసుక పట్టీ మీద ఉంటుంది. అక్కడ పడుకునేవాళ్లు పర్యాటకులు. ఓటర్లు ఉండేది లోపల, ప్రధాన భూభాగం మీద, సూపర్‌మన్సానాలు, రెహియోన్లు అని పిలిచే నంబర్ల పేటల్లో. "ఎక్కడుంటావు?" అని అడిగితే అక్కడ పేట పేరు చెప్పరు, నంబరు చెబుతారు. తెల్లవారుజామున ఆ పేటల నుంచి బస్సులు నిండుగా హోటళ్ల వైపు వెళతాయి, రాత్రికి తిరిగొస్తాయి. పక్కపక్కన ఉన్న రెండు నంబర్ల పేటల మధ్య వీధి మీదుగా గీత వెళితే, ఒకే హోటల్లో ఒకే షిఫ్టు చేసే ఇద్దరు, ఒకే నీటి సమస్య ఉన్న ఇద్దరు, వేర్వేరు ప్రతినిధుల దగ్గరికి వెళ్లాలి.

ఆ మనిషి జేబులో ఒక కార్డు ఉంటుంది. ఫొటో ఉన్న ఓటరు కార్డు. మెక్సికోలో ఇది మన ఆధార్ అంత ముఖ్యమైనది. బ్యాంకులో, ఉద్యోగంలో, ఎక్కడైనా అదే అడుగుతారు. దాని మీద పేరు, చిరునామా, ఓటరు కోడ్, వాటితో పాటు నాలుగంకెల సెక్షన్ నంబరు ఉంటాయి. సెక్షన్ అంటే ఎన్నికల పటంలో అన్నిటికంటే చిన్న ముక్క. చట్టం ప్రకారం ఒక సెక్షన్‌లో 100కు తక్కువ కాకుండా, 3,000కు మించకుండా ఓటర్లు ఉండాలి. దేశం మొత్తం మీద దాదాపు 70 వేల సెక్షన్లు ఉన్నాయి. నియోజకవర్గం నంబరు మాత్రం ఆ కార్డు మీద ఉండదు. పునర్విభజన అంటే ఈ సెక్షన్లను ఒక నియోజకవర్గం నుంచి తీసి ఇంకో దానిలో వేయడం. అందువల్ల కార్డు మార్చుకోవాల్సిన పని లేకుండానే, మనిషి ఉన్న చోటి నుంచి కదలకుండానే అతని నియోజకవర్గం మారిపోతుంది. చాలామందికి మారిందన్న సంగతి బ్యాలెట్ చేతికొచ్చేదాకా తెలియకపోవచ్చు. ఇది నన్ను బాధపెట్టే విషయం. సాంకేతికంగా చాలా శుభ్రమైన పద్ధతే, కానీ జనానికి కనబడదు.

ఇంకో చిక్కు కూడా ఉంది. జనాభా లెక్కలవాళ్లు మనిషి ఎక్కడ ఉంటే అక్కడ రాసుకుంటారు. కార్డు మీద మాత్రం తబాస్కోలోని సొంత ఊరి చిరునామా ఉండవచ్చు. అలాంటి కూలీ కాంకున్‌కు సీటు తెచ్చే లెక్కలో ఉంటాడు, కాంకున్ ప్రతినిధిని ఎన్నుకునే జాబితాలో ఉండడు. మన దగ్గర వలస వెళ్లిన పాలమూరు కూలీల గురించి, ఉత్తరాంధ్ర కూలీల గురించి తెలిసినవాళ్లకు ఈ పరిస్థితి విడమరచి చెప్పనవసరం లేదు.

ఇక గీత గీసే పద్ధతి. 2005 నాటికి ఈ పని కంప్యూటర్ అల్గారిథం చేతికి వెళ్లింది. ఆ పద్ధతి స్థూలంగా ఇలా ఉంటుంది: ముందు ఏదో ఒక పటం తీసుకుంటుంది. ఒక సెక్షన్‌ను ఈ పక్క నుంచి ఆ పక్కకు జరిపి చూస్తుంది. జనాభా సమతూకం, నియోజకవర్గం ఆకారం ఎంత పొందికగా ఉంది అన్న వాటికి మార్కులు ఉంటాయి. జరిపినందువల్ల మేలైతే ఉంచుతుంది. మొదట్లో, మేలు కాకపోయినా కొన్నిసార్లు ఒప్పుకుంటుంది, ఒకే చోట ఇరుక్కుపోకుండా. అలా లక్షల సార్లు. మున్సిపాలిటీలను వీలైనంత వరకు ముక్కలు చేయకూడదు. కేంద్ర పట్టణానికి ప్రయాణ సమయం చూడాలి. ఈ లెక్కల్లో ఎవరికి ఎన్ని ఓట్లు పడ్డాయన్నది ఎక్కడా ఉండదు. అల్గారిథం ఇచ్చిన మొదటి పటాన్ని పార్టీల ముందు పెడతారు. పార్టీలు అభ్యంతరం చెప్పవచ్చు, ఇంకో పటం ఇవ్వవచ్చు. అయితే ఆ పటానికి అవే మార్కుల లెక్కలో మంచి ఫలితం రావాలి. "మాకు ఇలా కావాలి" అంటే సరిపోదు. చివరికి ఎన్నికల సంస్థ మండలి ఆమోదిస్తుంది. దాని మీద ఎన్నికల ట్రిబ్యునల్‌కు వెళ్లే దారి కూడా ఉంది.

ఈ పద్ధతిని నేను మనస్ఫూర్తిగా మెచ్చుకుంటాను. మంత్రి అధ్యక్షతన పటం గీసిన దేశం పాతికేళ్లలో ఇక్కడికి రావడం మామూలు విషయం కాదు. అయినా దేనికి ఎన్ని మార్కులు అన్నది మనుషులే నిర్ణయిస్తారు. అందుకు మంచి ఉదాహరణ ఆదివాసీ నియోజకవర్గాలు. ఒట్టి జనాభా సమతూకమే చూస్తే, కొండల్లో, అడవుల్లో ఉండే ఆదివాసీ సముదాయాలు మూడు నాలుగు ముక్కలై ప్రతిచోటా మైనారిటీ అవుతాయి. 2005లో, ఆదివాసీలు 40 శాతం దాటే చోట్ల వాళ్లను ఒకచోట ఉంచాలన్న నియమం కలిపారు. అలా 28 నియోజకవర్గాలు వచ్చాయి. 2022 నాటి పటంలో ఆఫ్రో మెక్సికన్లను కూడా లెక్కలోకి తీసుకున్నారు, ఆ సంఖ్య 44 అయింది. పటాన్ని ఖరారు చేసే ముందు ఆ సముదాయాలను సంప్రదించడం కూడా పద్ధతిలో భాగమైంది. నియోజకవర్గం గీసినంత మాత్రాన ఆదివాసీ అభ్యర్థి గెలవడని కూడా తేలింది. అందుకే 2018లో 13 నియోజకవర్గాల్లో, 2021లో 21 నియోజకవర్గాల్లో పార్టీలు తప్పనిసరిగా ఆదివాసీ అభ్యర్థినే నిలపాలని ఆదేశించారు.

కింతానా రోలో ఈ ప్రశ్న ఇంకా తేలలేదనే నా అభిప్రాయం. ఇందాక గుర్తు పెట్టుకోమన్న ఫెలిపే కరియో ప్యూర్తో, దాని పక్కన హోసే మరియా మోరెలోస్, ఈ రెండూ మాయాలు ఎక్కువగా ఉండే మున్సిపాలిటీలు. ఇవి రాజధాని చెతుమాల్‌తో కలిసి రెండో నంబరులో ఉన్నాయి. చెతుమాల్ ప్రభుత్వోద్యోగుల ఊరు, జనాభాలో పెద్దది. ఉత్తరాన ఉన్న లాసరో కార్దెనాస్ మున్సిపాలిటీలోని మాయా పల్లెలేమో తీరప్రాంత పర్యాటక పట్టణాలతో కలిసి ఒకటో నంబరు వైపు వెళ్లాయి. అర శతాబ్దం తుపాకీ పట్టి తమ నేలను తాము పాలించుకున్న జనం మనవళ్లు ఇవాళ పార్లమెంటు పటంలో రెండు వైపులా పంచబడి ఉన్నారు. అంకెల దృష్టిలో తప్పు లేదు. చరిత్ర తెలిసిన మనిషి మాత్రం ఆ పటం ముందు కాసేపు ఆగాలి.

ఆ ఒకటో నంబరులో ద్వీపాలు కూడా ఉన్నాయి. ఎన్నిక ఆదివారం జరుగుతుంది, ఆ తర్వాతి బుధవారం నియోజకవర్గ కేంద్రంలో అధికారిక లెక్కింపు మొదలవుతుంది. కోసుమెల్ ద్వీపంలోని పెట్టెలు సముద్రం దాటి ప్లాయా దెల్ కార్మెన్ చేరాలి. పటంలో నీలం రంగు మీదుగా గీత లాగడం తేలికే, తుపాను వచ్చే కాలంలో ఆ పని చేసే సిబ్బందికి తెలుస్తుంది అందులోని కష్టం.

ఇప్పుడు నాకు అన్నిటికంటే ముఖ్యమనిపించే దశకు వస్తున్నాను. 2010లో జనాభా లెక్కలు జరిగాయి. 2013లో కొత్త పటం తయారు చేసే పని నడిచింది. అది ఆమోదానికి నోచుకోలేదు. ఆ తర్వాత 2014 సంస్కరణతో ఎన్నికల సంస్థే మారి, ఇప్పటి జాతీయ ఎన్నికల సంస్థ ఏర్పడింది. అక్కడివాళ్లు దాన్ని ఇనే అని పిలుస్తారు. ఈ లోగా 2015 ఎన్నికలు వచ్చేశాయి. అవి 2005 పటంతోనే, అంటే 2000 నాటి జనాభా ఆధారంగానే జరిగాయి. 2015లో జరిగిన మధ్యకాలపు జనాభా సర్వేలో కింతానా రో జనాభా 15,01,562. సీట్లు మూడు. సీటుకు అయిదు లక్షల మంది. అదే ఏడాది రాజధాని మెక్సికో నగరంలో 89,18,653 మందికి 27 సీట్లు. సీటుకు 3,30,000 మంది.

కాంకున్‌లో ముగ్గురికి ఉన్న బరువు రాజధానిలో ఇద్దరికి ఉంది. రాజధానిలో ఇల్లున్న మనిషి, కాంకున్‌లో ఆ మనిషి సెలవులకు వచ్చినప్పుడు గది తుడిచే మనిషి, ఇద్దరూ ఒకే దేశ పౌరులు, ఒకే రోజు ఓటేశారు. ఒకరి ఓటుకు మూడింట ఒక వంతు తరుగు పడింది. ఏ అల్గారిథమూ ఈ తరుగును పూడ్చలేదు, ఎందుకంటే దాన్ని నడిపించాల్సిన ఏడాదిలో నడిపించలేదు. సరిహద్దుల గురించి మాట్లాడేటప్పుడు మనం ఎప్పుడూ గీత వంకరగా ఉందా అని వెతుకుతాం. పాతబడిన గీత చేసే అన్యాయం అంతకు తక్కువేమీ కాదు. పైగా దానికి బాధ్యుడు ఎవరో వేలెత్తి చూపడానికి కూడా దొరకడు. నేను ఇవాళ ఇంత దూరం మిమ్మల్ని తీసుకొచ్చింది ఈ మాట చెప్పడానికే.

2017లో చివరికి కొత్త పటం వచ్చింది, 2010 లెక్కల మీద. కింతానా రోకు వాటా 3.54. మిగిలిన భిన్నాల్లో పెద్దవాటికి సీటు ఇచ్చే పద్ధతి కాబట్టి నాలుగో సీటు వచ్చింది. ఆ సీటు కాంకున్‌లోనే పుట్టింది. 2018 జులై 1 ఎన్నికల్లో మూడో నంబరుకూ, నాలుగో నంబరుకూ రెంటికీ కాంకునే కేంద్రం. పన్నెండేళ్ల పాటు "కాంకున్ నియోజకవర్గం" అని పిలిచిన మూడో నంబరు ఇప్పుడు కాంకున్‌లో ఒక భాగం. నంబరు అదే, నేల వేరు. "ఈ నియోజకవర్గంలో గత మూడు ఎన్నికల్లో ఏ పార్టీ గెలిచింది" అని టీవీలో పట్టిక చూపిస్తే, ఆ పట్టికలో 2015కూ 2018కీ మధ్య అసలు పోలికే లేదు. రాజకీయ విశ్లేషకులు దయచేసి దీన్ని గమనించాలి. మన దగ్గర కూడా 2008 పునర్విభజనకు ముందు, తర్వాత ఫలితాలను ఒకే వరసలో పెట్టి మాట్లాడేవాళ్లు ఎంతోమంది ఉన్నారు.

ఈ మార్పులు ప్రతినిధి మీద ఎలా పనిచేస్తాయో కూడా ఒక మాట. మెక్సికోలో చాలా దశాబ్దాల పాటు దిగువ సభ సభ్యుడు వెంటనే మళ్లీ పోటీ చేయడానికి వీల్లేదు. మూడేళ్ల పదవీకాలం, ఆ తర్వాత వెళ్లిపోవడమే. మళ్లీ రాని మనిషికి గీత ఎటు జరిగితే ఏమిటి? 2014 సంస్కరణ తర్వాత, 2021 ఎన్నికల్లో మొదటిసారి వరసగా రెండోసారి పోటీకి అవకాశం దొరికింది. గీత జరిగితే తన ఓటర్లు పోతారన్న టెన్షన్ సభ్యులకు అప్పుడే తెలిసొచ్చింది. 2030 నుంచి ఆ అవకాశాన్ని మళ్లీ తీసేస్తూ 2025లో రాజ్యాంగం మార్చారు. ఓటరుకు జవాబు చెప్పే అవసరాన్ని ఇది తగ్గిస్తుందని నా భయం.

ఆఖరి పటం 2022 డిసెంబరులో ఆమోదం పొందింది, 2020 లెక్కల మీద. లెక్కలు పూర్తయిన రెండేళ్లకే. ముందటి ఆలస్యాలతో పోలిస్తే ఇది పెద్ద మెరుగుదల. దేశ సగటు ఇప్పుడు 4,20,047. న్వేవో లియోన్‌కు రెండు సీట్లు పెరిగాయి. బాహా కాలిఫోర్నియా, కొవాహుయిలా, ప్వేబ్లా, కెరేతరో, యుకతాన్‌లకు ఒక్కోటి. మెక్సికో నగరం రెండు పోగొట్టుకుంది. మెక్సికో అనే పేరే ఉన్న రాష్ట్రం, గెర్రేరో, మిచోవకాన్, తమౌలిపాస్, వెరాక్రూస్ ఒక్కోటి. కింతానా రో వాటా 4.42, కాబట్టి నాలుగే. బెనితో హువారెస్ జనాభా 9,11,503. రెండుగా పంచితే ఒక్కోటి నాలుగున్నర లక్షలు దాటుతుంది. అది పదిహేను శాతం హద్దులోనే ఉంది. అంటే మొదటి రోజు నుంచే పై అంచుకు దగ్గరగా నిండిన పాత్రలు అవి. 2024 జూన్ 2న ఈ పటంతో ఎన్నిక జరిగింది.

మెక్సికో నగరం గురించి కొద్దిగా. 1979లో దానికి 40 సీట్లు. తర్వాత 30, 27, 24, ఇప్పుడు 22. అక్కడ జనాభా తగ్గలేదు. 1980లో 88 లక్షలు, 2020లో 92 లక్షలు. మిగతా దేశం పెరిగింది, నగరం వాటా తగ్గింది. దక్షిణాదిలో మనకున్న భయం సరిగ్గా ఇదే: మన జనాభా అదుపులో ఉంది కాబట్టి మన వాటా తగ్గుతుందని. లోక్‌సభ సీట్ల పంపకం మన దగ్గర 1971 లెక్కల దగ్గరే ఆగింది. 1976లో ఆపారు, 2001లో ఆ స్తంభనను 2026 తర్వాత జరిగే తొలి జనాభా లెక్కల దాకా పొడిగించారు. రాష్ట్రం లోపలి గీతలు మాత్రం 2001 లెక్కల మీద 2008లో కదిలాయి. ఫలితం చూడండి, మల్కాజిగిరిలో 2019 నాటికే ఓటర్లు 30 లక్షలు దాటారు. హైదరాబాద్ చుట్టూ పెరిగిన నగరం కథ, కాంకున్ కథ, ఈ విషయంలో చాలా దగ్గర.

అయితే మెక్సికో పద్ధతిని తెచ్చి మన మీద పెడితే సరిపోతుందని నేను అనను. అక్కడ రాజధాని సీట్లు పోయినా 200 దామాషా సీట్లున్నాయి. సెనేట్‌లో ప్రతి రాష్ట్రానికీ, చిన్నదైనా పెద్దదైనా, సమానంగా ముగ్గురున్నారు. మన రాజ్యసభలో జనాభాను బట్టే సీట్లు. దిగువ సభలో పోగొట్టుకున్నది పై సభలో నిలబెట్టుకునే దారి మనకు లేదు. కాబట్టి దక్షిణాది ఆందోళనను తేలిగ్గా కొట్టిపారేయకూడదు. అదే సమయంలో, యాభై ఏళ్ల పాటు గీతను ఆపి ఉంచితే ఆ ఒత్తిడి అంతా ఒకేసారి మీద పడుతుంది. మెక్సికో నగరానికి ఆ నష్టం 40 నుంచి 22కి నాలుగు మెట్లలో వచ్చింది. మెట్లు మెట్లుగా రావడంలో సర్దుకునే వ్యవధి ఉంది. ఇంకో తేడా, మన డీలిమిటేషన్ కమిషన్ ఉత్తర్వులను కోర్టులో సవాలు చేయకుండా రాజ్యాంగమే అడ్డు పెట్టింది. పార్టీలు అభ్యంతరం చెప్పడానికి, ట్రిబ్యునల్‌కు వెళ్లడానికి అక్కడున్న దారి గురించి మనం గట్టిగా ఆలోచించాలి.

కింతానా రోలో ఇప్పుడు జనం దక్షిణానికి జరుగుతున్నారు. తులుమ్ మున్సిపాలిటీ 2008లో ఏర్పడింది. 2010లో అక్కడ 28 వేల మంది, 2020లో 46 వేలు దాటారు. 2023 డిసెంబరులో తులుమ్‌లో కొత్త విమానాశ్రయం తెరిచారు. అదే నెలలో మాయా రైలు మొదటి భాగం కాంకున్ దాకా వచ్చింది. 2030 లెక్కల తర్వాత రాష్ట్రానికి అయిదో సీటు వచ్చే అవకాశం బాగా ఉందని నా అంచనా. వస్తే దాన్ని కాంకున్ మళ్లీ మింగుతుందా, తీరం వెంట తులుమ్ వైపు వెళుతుందా, లేక ఫెలిపే కరియో ప్యూర్తో చుట్టూ మాయా పల్లెలను ఒకచోట చేర్చే వీలు దొరుకుతుందా అన్నది ఇప్పుడే చెప్పలేం. ఆ పటం తయారయ్యేటప్పుడు అక్కడి సముదాయాలు గట్టిగా నిలబడి అడగాలని మాత్రం నేను కోరుకుంటున్నాను. ఇక మీ ప్రశ్నలు తీసుకుంటాను.